1+2+3+… కి −1/12 కాకుండా 5/12 వస్తోంది, ఎందుకు?

1+2+3+… మామూలు అర్థంలో −1/12 కాదని మాథాలజర్ అనే యూట్యూబ్ ఛానెల్‌లో మోనాష్ యూనివర్సిటీ ప్రొఫెసర్ బర్కార్డ్ పోల్‌స్టర్ 2018 వీడియోలో గట్టిగానే చెప్పారు. రామానుజన్ పేరు చెప్పి దాన్ని మామూలు కూడికలా చూపించేవాళ్లకి అది అవసరమే. నా చిక్కు ఆ తర్వాతిది.

మొదటి పదాన్ని 0.904837తో (అంటే e^(−0.1), e అంటే 2.718…), రెండోదాన్ని దాని వర్గంతో, మూడోదాన్ని ఘనంతో, అలా గుణిస్తూ పోతే మొత్తం 99.9167. 100 (అంటే 1/0.1²) తీసేస్తే దాదాపు −1/12. (0.9048 దగ్గర ఆపేయకండి, 99.83 వచ్చి అంతా పాడవుతుంది.)

అదే గుణకాలను ఒక మెట్టు వెనక్కి జరిపి, మొదటి పదాన్ని 1తో మొదలుపెడితే 110.425. ఇందులో 100, 10 పోగా మిగిలేది 5/12 వైపు వెళ్తోంది. ఘాతం −0.01 తీసుకున్నా అంతే: 10100.4175, ఇందులో 10000, 100 తీసేయాలి.

రెండింట్లో మొదటిదే సరైనదని జీటా ఫంక్షన్ (−1/12ని రాబట్టడానికి వాడే పై స్థాయి గణితం) ఎత్తకుండా, ఇంటర్ స్థాయిలో ఎలా సమర్థించాలి? ఆ అదనపు 10 రావడమే తప్పుకు గుర్తా?