అమ్మకి సర్రేటెడ్ పాలిపోసిస్ అన్నారు, వైజాగ్‌లో ఇది చూపించుకున్నవాళ్ళు ఎవరైనా ఉన్నారా?

మధురవాడ అమ్మాయి:
నమస్కారమండీ. అమ్మకి 56 ఏళ్ళు. మొలలనుకుని చాలాకాలం నాటు మందు వాడింది. చివరికి కొలనోస్కోపీ (పెద్దపేగులోకి కెమెరా గొట్టం పంపి చూసే పరీక్ష) చేయిస్తే మొలలు ఉన్న మాట నిజమే గానీ, పెద్దపేగులో కుడివైపు పాలిప్స్ (లోపలి గోడ మీద పెరిగే చిన్న కండలు) కూడా కనిపించాయి. మొత్తం 9, అందులో 3 సెంటీమీటరు దాటినవి. చిన్నవి అప్పుడే తీసేశారు, పెద్దవి ఇంకా ఉన్నాయి. బయాప్సీలో సెసైల్ సర్రేటెడ్ లీజన్ అని వచ్చింది, అంటే రంపం పళ్ళలా కనిపించే చదును పాలిప్ అట. డాక్టరు గారు చీటీ మీద సర్రేటెడ్ పాలిపోసిస్ సిండ్రోమ్ అని రాశారు. ఇది క్యాన్సరా? పెద్దవి ఇక్కడే తీయించవచ్చా, హైదరాబాద్ వెళ్ళాలా? ఖర్చు ఎంతవుతుంది? అన్నయ్యా నేనూ కూడా చేయించుకోవాలా? ఇంట్లో అందరం టెన్షన్‌లో ఉన్నాం. తెలిసినవాళ్ళు చెప్పండి.

ఉక్కునగరం రిటైర్డ్:
అమ్మా, మిగతావన్నీ తర్వాత. ముందు ఒకటి చెప్పు, అమ్మగారికి పేగు శుభ్రంగా ఉన్నప్పుడే చూశారా? రిపోర్టులో ప్రిపరేషన్, అంటే పేగు శుభ్రం, ఎలా ఉందో ఒక లైను రాస్తారు, అది చదువు. నాకు మొదటిసారి చేసినప్పుడు ఆ లైనులో 'ఫెయిర్' (అంతంతమాత్రం) అని రాసి, కింద 'అంతా నార్మల్' అన్నారు. ఆసుపత్రి పేరు చెప్పను. నార్మల్ అన్న కాగితం పట్టుకుని కొన్నేళ్ళు నిశ్చింతగా తిరిగాను. తర్వాత వేరేచోట చేస్తే కుడివైపు నాలుగు బయటపడ్డాయి, అన్నీ ఈ జాతివే. ఇవి మామూలు పాలిప్‌లా కాడ మీద లేచి ఉండవు. చదునుగా, పాలిపోయి, పైన గంజి పొర కట్టినట్టు జిగురుతో కప్పుకుని ఉంటాయి. కాస్త మలం అడ్డున్నా కనపడవు. అసలు నాలాంటివాళ్ళకి 'మళ్ళీ రండి, సరిగా శుభ్రం కాలేదు' అని ఎందుకు చెప్పరు? ఇప్పటికీ ఆ కోపం తగ్గలేదు.

ఎన్ఏడీ జంక్షన్:
ఉక్కునగరం వారు చెప్పింది నూటికి నూరు పాళ్ళు నిజం. పేగు శుభ్రం చేసే పౌడర్ మొత్తం ముందురోజు రాత్రే తాగించేస్తారు కొన్నిచోట్ల. సగం రాత్రి, సగం తెల్లవారుజామున తాగితేనే కుడివైపు శుభ్రంగా ఉంటుంది. మీ టైమింగ్ డాక్టరును అడిగి రాయించుకోండి. ముందు రెండు మూడు రోజులు జామకాయ, టమాటా, నువ్వులు, ఆకుకూర, ములక్కాడ బంద్. మా అత్తగారు 'ఒక్క ముద్ద గోంగూర తింటే ఏమవుతుంది' అని తినేసి వెళ్ళారు, పరీక్ష మధ్యలో ఆపేశారు.

పెందుర్తి:
మజ్జిగ తాగచ్చా? మా నాన్నకి వచ్చే వారం ఉంది.

ఎన్ఏడీ జంక్షన్:
పౌడర్ మొదలుపెట్టాక మజ్జిగ, పాలు, రాగి అంబలి వద్దు. వడగట్టిన నిమ్మరసం, కొబ్బరి నీళ్ళు, పాలు లేని టీ సరే. ఎర్ర రంగు డ్రింకులు వద్దు, లోపల రక్తంలా కనపడతాయి. పౌడర్ నీళ్ళు ఫ్రిజ్‌లో పెట్టి చల్లగా తాగితే ఆ ఉప్పదనం కొంచెం తెలియదు. నాన్నగారికి షుగర్ ఉంటే మాత్రం ముందే అడగండి, ఆ రోజు మందులు మార్చాలి.

ల్యాబ్ మాస్టారు:
అమ్మాయి అడిగింది వదిలేసి అందరూ మజ్జిగ దగ్గర ఆగిపోయారు. పథాలజీ ల్యాబులో పనిచేసి రిటైరైనవాణ్ణి. ఈ పేరు ఇంకా 'హైపర్‌ప్లాస్టిక్ పాలిపోసిస్' అని ఉన్న రోజుల నుంచి ఈ స్లైడ్లు చూస్తున్నాను, ఈ గ్రూపులో దీని గురించి నాకన్నా ఎక్కువ చూసినవాళ్ళు ఉండరని ధైర్యంగా చెప్పగలను. వినండి. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో సవరించిన ప్రకారం రెండు కొలతలున్నాయి, ఒకటి సరిపోయినా చాలు. మలాశయానికి పైభాగంలో కనీసం 5 సర్రేటెడ్ పాలిప్స్ ఉండి, అన్నీ 5 మిల్లీమీటర్లకి తగ్గకుండా, వాటిలో కనీసం 2 సెంటీమీటరు లేదా అంతకన్నా పెద్దవై ఉండాలి. లేదా ఎంత సైజైనా సరే పెద్దపేగంతటా 20కి మించి ఉండి, అందులో కనీసం 5 మలాశయానికి పైన ఉండాలి. అమ్మగారిది మొదటి కొలతలో పడినట్టుంది. ఇది క్యాన్సర్ కాదు. వదిలేస్తే వాటిలో కొన్ని క్యాన్సర్ వైపు వెళ్ళే అవకాశం ఉన్న స్థితి.

గోపాలపట్నం:
మాస్టారూ, మా బావగారికి అచ్చంగా ఇవే. డాక్టరు అడిగిన మొదటి ప్రశ్న 'సిగరెట్ ఎన్నాళ్ళ నుంచి' అని. పొగకీ ఈ సర్రేటెడ్ పాలిప్స్‌కీ గట్టి సంబంధం ఉందట. ఆయన రోజుకి పెట్టె కాల్చేవారు. మన ఉత్తరాంధ్రలో పొగాకు మానితే సగం రోగాలు పోతాయి. భీమిలి వైపు ఆడవాళ్ళు కూడా అడ్డపొగ, చుట్ట నిప్పు నోట్లో పెట్టుకుని కాలుస్తారు, చూస్తే ఒళ్ళు జలదరిస్తుంది.

భీమిలి బీచ్:
మా అమ్మ అడ్డపొగే కాల్చింది. 80 దాటేదాకా చేపల తట్ట నెత్తిన పెట్టుకుని తిరిగింది. ఏ క్యాన్సరూ రాలేదు. మీకు జలదరిస్తే చూడకండి. మా ఊరి ఆడవాళ్ళ గురించి తేలికగా రాయద్దు.

గోపాలపట్నం:
నేను తేలికగా అనలేదండీ. ఆరోగ్యం గురించి అన్నాను.

ల్యాబ్ మాస్టారు:
భీమిలి వారూ, మీ అమ్మగారికి రాలేదు, సంతోషం. కానీ అడ్డపొగ వల్ల అంగిలికి క్యాన్సర్ వస్తుందని విశాఖపట్నం, శ్రీకాకుళం తీరంలోనే పరిశోధనలు చేసి చెప్పారు. ఒకరికి రాకపోతే పొగాకు మంచిదైపోదు.

భీమిలి బీచ్:
అంగిలి గురించి మాట్లాడుతున్నామా, పేగు గురించా? చదువుకున్నవాళ్ళు ఏ రోగమొచ్చినా ముందు పేదవాళ్ళ చుట్ట మీదే పడతారు. ఆ చుట్ట నిప్పు లోపల పెట్టుకున్నది పడవలో గాలికి ఆరిపోకుండా. ఆ బతుకు మీకేం తెలుసు.

గోపాలపట్నం:
పేదా గొప్పా లేదు, మా బావగారు బ్యాంకు ఆఫీసరు. ఆయన సిగరెట్ గురించే మొదలుపెట్టాను!

మధురవాడ అమ్మాయి:
దయచేసి ఆపండి. మా అమ్మ జీవితంలో పొగ తాగలేదు. మా ఇంట్లో ఎవరూ తాగరు. అయినా వచ్చింది. ఆమె 'నేనేం తప్పు చేశాను' అని రోజూ ఏడుస్తోంది. ఈ థ్రెడ్ చదివి వినిపిద్దామనుకున్నాను, ఇప్పుడు వినిపించలేను.

ల్యాబ్ మాస్టారు:
అమ్మా, ఆమె ఏ తప్పూ చేయలేదని గట్టిగా చెప్పు. పొగ ముప్పును పెంచుతుంది గానీ, ఈ జబ్బుకి అసలు కారణం చాలామందిలో దొరకదు. జన్యు పరీక్ష చేసినా ఎక్కువమందిలో ఏమీ తేలదు. ఆర్ఎన్ఎఫ్43 అనే జన్యువులో పుట్టుకతో వచ్చిన లోపం బహు కొద్దిమందిలో కనిపించింది. సర్రేటెడ్‌తో పాటు అడినోమా అనే మామూలు రకం పాలిప్స్ కూడా ఎక్కువగా ఉంటే మాత్రం మ్యూటీవైహెచ్ జన్యువు చూడమంటారు.

ఎస్.కోట:
నేను ఇక్కడ ఎప్పుడూ రాయను. ఈరోజు రాయాలనిపించింది. మా ఆయనకి 47 ఏళ్ళప్పుడు నీరసం, ఆయాసం. రక్తం తక్కువ ఉందని ఐరన్ మాత్రలు ఇచ్చారు. అవి అయిపోతే మళ్ళీ అవే. మలంలో రక్తం కంటికి కనపడలేదు, కడుపునొప్పి లేదు. మగవాడికి రక్తం ఎందుకు తగ్గుతోందని ఒక్కరూ అడగలేదు. విశాఖ తీసుకొచ్చి కొలనోస్కోపీ చేయిస్తే కుడివైపు పేగులో గడ్డ, దాని చుట్టూ ఈ చదును పాలిప్స్ బోలెడు. అప్పటికే లివర్‌కి పాకింది. రెండేళ్ళు కూడా మిగలలేదు. కుడివైపు గడ్డ కొంచెం కొంచెంగా రక్తం కారుస్తుందట, కంటికి తెలియదట. మీ అమ్మగారికి గడ్డ అవకముందే దొరికింది. ఏడవద్దని నా మాటగా చెప్పండి. వెంటనే మీరూ మీ అన్నయ్యా చేయించుకోండి.

సీతమ్మధార:
ఎస్.కోట అక్కా, చదువుతుంటే చేతులు ఆడలేదు. మీ మరుదులూ ఆడపడుచులూ చేయించుకున్నారా?

ఎస్.కోట:
ఆడపడుచు చేయించుకుంది, రెండు తీశారు. మరిది చేయించుకోలేదు. వాళ్ళ అమ్మాయికి సంబంధాలు చూస్తున్నారు, ఇలాంటివి బయటికి వస్తే పెళ్ళి కుదరదని భయం.

పెందుర్తి:
ఆయన భయంలో కూడా అర్థం ఉంది కదండీ. ఆడపిల్ల తండ్రి. వంశంలో క్యాన్సర్ ఉందని తెలిస్తే ఎవరు వస్తారు? పెళ్ళయ్యాక చేయించుకోవచ్చు.

సీతమ్మధార:
పెళ్ళయ్యాకా? ఇంకా సంబంధం కుదరలేదు, కుదిరాక ముహూర్తం, తర్వాత పురుడు. ఆయన తండ్రిగా కన్యాదానం చేయడానికి బతికుండాలా వద్దా? కొలనోస్కోపీకి బ్యాండు మేళంతో వెళ్ళరు. పొద్దున వెళ్ళి సాయంత్రానికి ఇంటికొస్తారు, ఎవరికి తెలుస్తుంది?

పెందుర్తి:
మీకు చెప్పడం తేలిక. పల్లెటూళ్ళో ఆసుపత్రి సంచి చూస్తేనే పది మంది అడుగుతారు.

ఉక్కునగరం రిటైర్డ్:
పెందుర్తి బాబూ, మీ నాన్నకి వచ్చే వారం పరీక్ష అన్నావు. నువ్వు తీసుకెళ్తున్నావు. ఆ మరిదికి కూడా అలా తీసుకెళ్ళేవాళ్ళు కావాలి, వాయిదా వేయమనేవాళ్ళు కాదు.

ల్యాబ్ మాస్టారు:
లెక్క చెబుతాను. ఈ సిండ్రోమ్ ఉన్నవాళ్ళ తల్లిదండ్రులు, తోబుట్టువులు, పిల్లలకి పెద్దపేగు క్యాన్సర్ ముప్పు మామూలు జనం కన్నా సుమారు 5 రెట్లని అధ్యయనాల్లో తేలింది. అందుకే వాళ్ళకి సాధారణంగా 40 ఏళ్ళకి కొలనోస్కోపీ మొదలుపెడతారు, యూరప్ మార్గదర్శకాల్లో 45 అని ఉంది. ఇంట్లో ఈ జబ్బుతో క్యాన్సర్ వచ్చినవాళ్ళుంటే, వాళ్ళకి వచ్చిన వయసు కన్నా 10 ఏళ్ళు ముందే. ఎస్.కోట అమ్మా, ఈ లెక్కన మీ మరిదికి 37కే మొదలవ్వాలి. మీ పిల్లలకీ ఇదే వర్తిస్తుంది, డాక్టరుతో మాట్లాడి పెట్టుకోండి.

సీతమ్మధార:
దానికి బదులు మలంలో రక్తం చూసే పరీక్ష ఉంది కదా మాస్టారూ, అది నెగెటివ్ వస్తే చాలదా? ఎస్.కోట వారి మరిది దానికైనా ఒప్పుకుంటారేమో.

ల్యాబ్ మాస్టారు:
చాలదు. ఈ చదును పాలిప్స్ మామూలుగా రక్తం కార్చవు. ఆ పరీక్షలో దొరకకుండా తప్పించుకునే జాతి ఇదే. అడినోమా నుంచి వచ్చే క్యాన్సర్ దారి వేరు, దీని దారి వేరు. ఇక్కడ ముందు బీఆర్ఏఎఫ్ జన్యువులో మార్పు వస్తుంది, తర్వాత ఎంఎల్‌హెచ్1 అనే మరమ్మతు జన్యువు మూతపడవచ్చు, ఆపైన మార్పు వేగంగా సాగుతుంది. పెద్దపేగు క్యాన్సర్లలో నూటికి 15 నుంచి 30 దాకా ఈ సర్రేటెడ్ దారిలో వచ్చినవే.

గోపాలపట్నం:
అమ్మాయీ, ఇందాక గొడవకి సారీ. మా బావగారి సంగతి పూర్తిగా చెప్పలేదు. ఆయనకి పెద్దవి ఇక్కడే తీశారు, విశాఖలోనే. కరెంటు లేకుండా వైరు ఉచ్చుతో ముక్కలు ముక్కలుగా కోసి తీశారు, కోల్డ్ స్నేర్ అంటారు. పేగుకి చిల్లు పడే భయం తక్కువట. హైదరాబాద్ వెళ్ళాలా వద్దా అన్నది పాలిప్ ఎక్కడుంది, ఎంత ఉంది అన్నదాన్ని బట్టి. డాక్టరును నేరుగా 'ఇంత సైజువి మీరు తరచూ తీస్తుంటారా' అని అడగండి, ఏమీ అనుకోరు. ప్రభుత్వ ఆసుపత్రి కేజీహెచ్‌లో కూడా గ్యాస్ట్రో విభాగం ఉంది, డబ్బు ఇబ్బంది ఉంటే ముందు అక్కడ అడగండి.

భీమిలి బీచ్:
నేను కూడా గట్టిగా మాట్లాడాను, మా అమ్మ మాట వస్తే ఆగలేను. పాప, మీ అమ్మగారు బాగుండాలి. వాళ్ళది పొగ వల్ల కాదని ఈ థ్రెడ్‌లోనే తేలింది, అది మాత్రం చదివి వినిపించు.

మధురవాడ అమ్మాయి:
అందరికీ థాంక్సండీ. ఎస్.కోట అక్క రాసింది అమ్మకి చదివాను. చాలాసేపు ఏమీ మాట్లాడలేదు, తర్వాత 'ఆ అమ్మాయి పిల్లలు ఏం చదువుతున్నారో కనుక్కో' అంది. రిపోర్టులో ప్రిపరేషన్ 'గుడ్' అనే ఉంది. పెద్దవి తీయడానికి డేటు ఇచ్చారు. అన్నీ తీశాక ఏడాదికి మళ్ళీ చూస్తామన్నారు. ఇక జీవితాంతం ఇలాగేనా? పేగు తీసేయాల్సి వస్తుందా?

ల్యాబ్ మాస్టారు:
5 మిల్లీమీటర్లు, అంతకు మించినవన్నీ తీసి శుభ్రం చేశాక, దొరికినవాటిని బట్టి ఏడాదికో రెండేళ్ళకో చూస్తారు. ఆపరేషన్ అందరికీ కాదు. క్యాన్సర్ వచ్చినా, స్కోపుతో తీయలేనన్ని ఉన్నా అప్పుడు ఆలోచిస్తారు. ఇలా క్రమం తప్పకుండా చూపించుకున్నవాళ్ళలో ఐదేళ్ళలో క్యాన్సర్ వచ్చినవాళ్ళు నూటికి ఇద్దరికన్నా తక్కువని యూరప్ డాక్టర్ల పెద్ద అధ్యయనంలో తేలింది. ఒక పని చెయ్యి. ప్రతి కొలనోస్కోపీ రిపోర్టు, ప్రతి బయాప్సీ రిపోర్టు ఒక ఫైలులో పెట్టు. ఈ జబ్బులో పాలిప్స్ లెక్క ఒక్కసారితో అయిపోదు, జీవితంలో తీసినవన్నీ కలిపి లెక్కిస్తారు. ఊరు మారితే బయాప్సీ స్లైడ్లు, బ్లాకులు (తీసిన ముక్కని మైనంలో దాచినవి) అడిగి తీసుకెళ్ళండి.

పెందుర్తి:
మాస్టారూ, ఇది చదివి నాన్న పాత కాగితాలు తీశాను. 2016లో 'హైపర్‌ప్లాస్టిక్ పాలిప్స్, ప్రమాదం లేదు' అని ఉంది. అవి కూడా ఆ లెక్కలోకి వస్తాయా?

ల్యాబ్ మాస్టారు:
వస్తాయి. మలాశయంలో ఉండే చిన్న చిన్న హైపర్‌ప్లాస్టిక్ పాలిప్స్ గురించి భయం లేదు. కుడివైపువైతే వేరే సంగతి, పాతకాలంలో సెసైల్ సర్రేటెడ్‌వి కూడా ఆ పేరుతోనే రాసిన రిపోర్టులు ఉన్నాయి. పేగులో ఏ భాగం నుంచి తీశారో, ఎన్ని మిల్లీమీటర్లో ఆ కాగితంలో ఉంటుంది. చూసి ఇక్కడ పెట్టు. పేరు, ఫోన్ నంబరు కనపడకుండా ఫోటో తియ్యి. వచ్చే వారం ఆ కాగితం డాక్టరు చేతికి ఇచ్చాకే నాన్నగారిని లోపలికి పంపు.

పెందుర్తి:
'అసెండింగ్ కోలన్, 8 మి.మీ., రెండు' అని ఉంది.

ల్యాబ్ మాస్టారు:
కుడివైపే. రేపు పొద్దునే డాక్టరుకి ఫోన్ చెయ్యి, వచ్చే వారం దాకా ఆగకు. పౌడర్ రెండు విడతలుగా ఇవ్వమని కూడా అడుగు.