ఇనుప గోపురం కథను చరిత్ర అనొచ్చా?

నల్లరేగడి
ఆఫ్రికా చరిత్ర ప్రస్తావన వచ్చినప్పుడల్లా "రాసిపెట్టినవి లేవు కదా, చెప్పుకునే కథల్ని ఎలా నమ్ముతాం" అని ఎవరో ఒకరు అంటారు. అందుకే ఒక్క ఊరిని పట్టుకుని అడుగుతున్నాను.

టాంజానియాలో, విక్టోరియా సరస్సుకు పడమటి ఒడ్డున, బుకోబా పట్నానికి దగ్గర్లో కటురుకా అనే ఊరుంది. అక్కడి హాయా జనం చెప్పే కథ ఇది. రుగొమోర మహే అనే రాజుకు ఆకాశంలో ఏముందో చూడాలనిపించింది. కమ్మరులందరినీ పిలిపించి ఇనుముతో గోపురం కట్టించాడు. అది కూలిపోయింది. ఆ ఇనుప పని జరిగింది ఇక్కడేనని ఊరి పెద్దలు ఒక పాత చెట్టును చూపించేవారు. ఆ చెట్టు పేరు కైయీజా, అంటే కొలిమి ఉన్న చోటు. 1970 ప్రాంతంలో పీటర్ ష్మిట్ అనే అమెరికన్ పురావస్తు పరిశోధకుడు వాళ్లు చూపించిన చోటే తవ్వితే కొలిమి గుంట, ఇనుము, బొగ్గు బయటపడ్డాయి. ఆ బొగ్గును వయసు తేల్చే రేడియో కార్బన్ పరీక్షకు పంపితే క్రీ.పూ. 500 ప్రాంతమని వచ్చింది.

ఏ కాగితం మీదా లేని సంగతిని జనం నోటి మాటగా మోసుకొచ్చారు. నా వరకు ఇది చరిత్రే. మీరేమంటారు?

తాళపత్రం
నేను ఒప్పుకోనండీ. మీ లెక్కే మీకు అడ్డం తిరుగుతోంది. రుగొమోర మహే 17వ శతాబ్దపు రాజు. కొలిమి క్రీ.పూ. 500 నాటిది. మధ్యలో రెండు వేల ఏళ్లు దాటిన తేడా ఉంది. రాజు కట్టించాడన్న మాట తప్పని ఆ బొగ్గే చెబుతోంది కదా. పైగా నేల గీకితే చిట్టెం రాళ్లు, అంటే ఇనుము కాచాక మిగిలే మడ్డి ముద్దలు, తేలే ఊళ్లో "ఇక్కడ ఒకప్పుడు ఇనుము కాచారు" అనుకోవడానికి తరతరాల జ్ఞాపకం అక్కర్లేదు, కళ్లుంటే చాలు. చిట్టెం ముందు, కథ తర్వాత. ఇంకో చిక్కు కూడా ఉంది. ఆ కాలపు రేడియో కార్బన్ తేదీలు క్రీ.పూ. 800 నుంచి 400 దాకా ఎక్కడైనా పడొచ్చు. ఆ 500 కూడా గట్టి అంకె కాదు.

కొలిమి
మా తాత కమ్మరి. చిన్నప్పుడు తిత్తి ఊదింది నేనే, కాబట్టి ఈ విషయం మీద నాకు పట్టింపు ఎక్కువ. తాళపత్రం గారూ, మీరు కథ ఒక్కటే చూస్తున్నారు, పనిని చూడట్లేదు. ఐరోపా నుంచి చవక ఇనుము వచ్చాక హాయా వాళ్లు ఖనిజం కరిగించడం మానేశారు. దశాబ్దాలు గడిచాయి. 1976లో ష్మిట్ అడిగితే, కుర్రతనంలో ఆ పని చేసిన ముసలివాళ్లు కలిసి మళ్లీ కొలిమి కట్టారు. చిత్తడి నేలలో పెరిగే గడ్డిని కాల్చి, ఆ మసితో గుంట నింపారు. మట్టి గొట్టాలను కొలిమి లోపలికంటా దూర్చి తిత్తులతో గాలి కొట్టారు. ఇనుము దిగింది. గొట్టాల్లోనే గాలి ముందుగా వేడెక్కుతుందని ష్మిట్ బృందం చెప్పింది. అది నిజమా కాదా అని లోహశాస్త్రం తెలిసినవాళ్లు ఇంకా వాదించుకుంటున్నారు, ఆ తగువులోకి నేను వెళ్లను.

నిప్పు రంగు చూసి ఎప్పుడు తీయాలో మా తాత ఎవరికీ నోటితో చెప్పలేదు. "చూడు" అనేవాడు, అంతే. ఏ గడ్డి కాల్చాలి, గొట్టం ఎంత లోపలికి పోవాలి అన్నవి చిట్టెం రాయిని చూసి ఊహించుకునే సంగతులు కావు.

తాళపత్రం
పని గురించి మీరన్నది ఒప్పుకుంటాను. ఒక జీవితకాలంలో నేర్చిన పని చేతుల్లో నిలుస్తుంది. కానీ రాజుల కథల సంగతి వేరు. పశ్చిమాఫ్రికాలో మాలి సామ్రాజ్యాన్ని నిలబెట్టిన సుంజాతాను గురించి జెలీలు, అంటే అక్కడ వంశపారంపర్యంగా కథ చెప్పేవాళ్లు, తరాలుగా పాడుతున్నారు. అతని రాజధాని నియానీ అన్నారు. 1960లలో గినీ, పోలండ్ వాళ్లు కలిసి ఆ నియానీలో తవ్వారు. మాలి వెలిగిన 13, 14 శతాబ్దాలకు సరిపడే తేదీలే కరువయ్యాయి. అంతకు ముందువీ, తర్వాతవీ దొరికాయి. జెలీల మాట నమ్మి తవ్విన చోటే ఖాళీ వస్తే ఏం చేస్తాం?

నల్లరేగడి
నియానీ విషయంలో మీదే పైచేయి. అయితే ఒక్కటి చూడండి. సుంజాతా ఉన్నాడా లేడా అన్న దానికి సాక్ష్యం ట్యునిస్‌లో పుట్టిన చరిత్రకారుడు ఇబ్న్ ఖల్దూన్ ఇచ్చాడు. 14వ శతాబ్దంలో మారీ జాతా పేరుతో అతన్నీ, తర్వాతి రాజులనూ వరుసగా రాశాడు. ఆయనకు ఆ వరుస దొరికింది కూడా ఆ దేశం ఎరిగినవాళ్ల నోటి నుంచే. 1352లో మాలికి వెళ్లిన యాత్రికుడు ఇబ్న్ బతూతా అయితే ఆ కవుల్ని కళ్లారా చూశాడు. ఒళ్లంతా ఈకలు, తలకు ఎర్రటి ముక్కు ఉన్న కొయ్య పక్షి తల. రాజు ముందు నిలబడి, నువ్వు కూర్చున్న ఈ గద్దె మీద ఫలానా రాజు కూర్చుని ఫలానా మంచి చేశాడు, నువ్వూ చేయమని చెప్పేవారట. రాజు ముఖం మీదే చెప్పే మాట అది. ఊరు పేరు మారిపోయి ఉండొచ్చు. రాజధాని ఒకటే అయి ఉండాలని ఎక్కడుంది?

ఇక పారకు పక్షపాతం ఉండదని మాత్రం అనకండి. ఇప్పటి జింబాబ్వే దేశంలో గ్రేట్ జింబాబ్వే అనే పాత రాతి కట్టడాలున్నాయి. అక్కడ 1902 నుంచి రిచర్డ్ హాల్ అనే అధికారి, ఆ రాతి గోడలు నల్లవాళ్లవి కావన్న నమ్మకంతో, అక్కడి షోనా జనం బతికిన మట్టి పొరల్ని అడుగుల కొద్దీ తోడి పారబోయించాడు. 1929లో గెర్ట్రూడ్ కేటన్-థామ్సన్ తవ్వి, ఇవి ఆఫ్రికావాళ్లు కట్టినవేనని తేల్చింది. అయినా అప్పట్లో ఆ దేశాన్ని ఏలిన తెల్లవాళ్ల రొడీషియా ప్రభుత్వానికి మింగుడు పడలేదు. అదే నిజం చెప్పిన పీటర్ గార్లేక్ 1970లో ఆ దేశం వదిలి పోవాల్సి వచ్చింది. హాల్ పారబోసిన పొరలు మళ్లీ ఎవరు తెచ్చిస్తారు?

తాళపత్రం
ఆ పారబోతను నేను సమర్థించను, అది ఘోరం. కానీ అక్కడే చుట్టుపక్కల వంశాలు ఇప్పటికీ ఆ చోటు మాదంటే మాదని తలా ఒక కథ చెబుతాయి. నేల మీద హక్కు ఉన్న చోట కథ వంగుతుంది. కటురుకాలో జరిగింది కూడా అదేనని నా అనుమానం.

సరస్సు ఒడ్డు
నేను ఉద్యోగరీత్యా విక్టోరియా సరస్సు దక్షిణపు ఒడ్డునున్న మ్వాంజాలో ఉంటున్నాను. రాత్రి పడవెక్కి బుకోబా వెళ్లొచ్చాను, ఎటు చూసినా అరటి తోటలే.

తాళపత్రం గారి అనుమానం నిజానికి ష్మిట్ చెప్పినదానికి దగ్గరగానే ఉంది. 17వ శతాబ్దంలో రుగొమోర మహే వంశం, కమ్మరులు పూజించే పాత చోటును తనదిగా చేసుకుని, తన రాజు పేరు దానికి తగిలించిందని ఆయన వాదన. అంటే రాజు పేరు కొత్తది, చోటు పాతది. ఆ రెండూ ఒకే కథలో ఎందుకు కలిశాయన్నది నాకు తేదీ కన్నా పెద్ద ప్రశ్న. కొత్త రాజుకు ఆ చెట్టు అవసరమైందంటే, అప్పటికే జనం దాన్ని కొలుస్తున్నారన్నమాట.

నాకు అంతకన్నా బెంగగా ఉన్నది వేరే. టాంజానియాలో ఎయిడ్స్ మొదట బయటపడింది బుకోబా ఉన్న ఈ కగేరా ప్రాంతంలోనే, 1983లో. ఇళ్లకు ఇళ్లు ఖాళీ అయ్యాయి. కథ చెప్పాల్సినవాళ్లూ వినాల్సినవాళ్లూ కూడా పోయారు. 1970 ప్రాంతంలో ష్మిట్ ఎక్కువగా ముసలి మగవాళ్లనే కూర్చోబెట్టి అడిగాడు, ఆ సంగతి ఆయనే తర్వాత ఒప్పుకున్నాడు. తర్వాత ఊరివాళ్లే పూనుకుని ఆ చోటును మళ్లీ నిలబెట్టుకుంటున్నప్పుడు, ఆ కథలు మిగిలింది చాలావరకు ముసలి ఆడవాళ్ల దగ్గరని తెలిసింది. వాళ్లను ముందే అడిగి ఉంటే రాజు పేరు లేని కథ ఏదైనా వినబడేదేమో.

కొలిమి
మా నాయనమ్మను కూడా కొలిమి గురించి ఎవరూ అడగలేదు. బొగ్గు కాల్చింది ఆమే.