ఆర్మీలో ఆర్డర్ ఏదైనా తలూపాల్సిందేనా?

ప్రశ్న:
మా తమ్ముడు ఆర్మీలో చేరతానని పట్టుబట్టాడు. తెల్లవారుజామున పరుగు కూడా మొదలుపెట్టాడు. వాడితో చిక్కేంటంటే, ఎవరేం చెప్పినా “ఎందుకు?” అని అడగకుండా ఉండలేడు. నా టెన్షనంతా అదే. ఇలాంటివాడు అక్కడ నెగ్గుకు రాగలడా? సర్వీస్ చేసినవాళ్లు చెప్పండి.

జవాబు 1:
చెల్లీ, నేను జవాను భార్యను. ఆర్డర్ల సంగతి నాకు తెలీదు. మా ట్రంకు పెట్టె మీద పాత అడ్రసు చెరిపి కొత్తది రాయడం ఇది ఆరోసారి. లీవు శాంక్షన్ అయిందంటే నమ్మొద్దు, మనిషి రైలెక్కాక నమ్మండి.

జవాబు 2:
22 ఏళ్లు మెడికల్ విభాగంలో చేసి రిటైరయ్యానమ్మా. నాదీ మీ తమ్ముడి నోరే. ట్రైనింగ్‌లో ఓరోజు ఫైరింగయ్యాక ఖాళీ తూటా గొట్టాలు లెక్కేస్తే ఒకటి తగ్గింది. చీకటి పడేదాకా అందరం మోకాళ్ల మీద గడ్డిలో దేవులాడాం. “పేలిపోయినదానికి ఇంత రభస ఎందుకు సార్?” అన్నాను. “ఖాళీవాటి లెక్కే కదా పేలనిది ఎవడి జేబులోనూ లేదని చెప్పేది” అన్నాడు ఇన్‌స్ట్రక్టర్. కాబట్టి అడగొచ్చు. బ్రీఫింగ్ చివర్లో సందేహాలున్నాయా అని వాళ్లే అడుగుతారు. కదలమన్నాక మాత్రం కదలాలి.

అలాగని ఏ ఆర్డరైనా సరే అని కాదు. రెండో ప్రపంచయుద్ధం అయ్యాక 1945-46లో నాజీ నాయకుల మీద జరిగిన న్యూరెంబర్గ్ విచారణలో “పైవాళ్లు చెప్పారు, చేశాం” అన్న సాకు చెల్లలేదు. యుద్ధంలో పాటించాల్సిన నియమాలు చెప్పే 1949 జెనీవా ఒప్పందాల ప్రకారం గాయపడిన శత్రువుకూ వైద్యం చేయాల్సిందే. ఎవరికి ముందు అన్నది ప్రాణాపాయాన్ని బట్టే, యూనిఫాంని బట్టి కాదు. ఇది నాకు పుస్తకంలో ఎక్కలేదు. ఒక డ్రిల్‌లో మనవాడి వేషం వేసినతను చేయి విరిగిందని అరుస్తున్నాడు. శత్రువు వేషం వేసినతని తొడ నుంచి రక్తం ధార, నోట మాట లేదు. నేను అరిచేవాడి దగ్గరికి పరుగెత్తాను. ఇన్‌స్ట్రక్టర్ ఓ అట్టముక్క మీద టైమ్ రాసి నా చేతిలో పెట్టాడు. ఇంకేం తిట్టలేదు.

ప్రశ్న అడిగినవారు:
వాడికి చదివి వినిపించాను. “అట్ట మీద టైమ్ ఎందుకు రాశాడట?” అంటున్నాడు!

జవాబు 2 రాసినవారు:
రక్తం ఆపడానికి టోర్నికే (గాయానికి పైన గట్టిగా బిగించే పట్టీ) కడితే, కట్టిన టైమ్ రాయాలి. ఎంతసేపు బిగించి ఉందో తర్వాత చూసే డాక్టరుకు తెలియాలిగా. నేను కట్టనే లేదు. ఆయన రాసింది ఆ మనిషి పోయిన టైమ్.