మోన్రెయాలే: పలెర్మో పక్కనే అంత పెద్ద కథెడ్రల్ ఎందుకు కట్టారు?

ప్రశ్న (గులకరాయి)

ఇటలీకి దక్షిణాన ఉన్న సిసిలీ ద్వీపంలో నార్మన్ (ఉత్తర ఫ్రాన్స్ నుంచి వచ్చిన) రాజుల కాలం గురించి కొన్నాళ్ళుగా చదువుతున్నాను. ఒక్క విషయం ఎంతకీ మింగుడు పడడం లేదు. రాజధాని పలెర్మోకు అప్పటికే ఆర్చ్‌బిషప్ (బిషప్పులకు పెద్ద) ఉన్నాడు, ఆయన పీఠముండే పెద్ద చర్చి, అంటే కథెడ్రల్, ఉంది. రాజభవనం లోపల రెండవ రోజర్ కట్టించిన బంగారు మొజాయిక్‌ల (చిన్న చిన్న ముక్కలు పొదిగి కూర్చిన చిత్రాల) ప్రార్థనాలయమూ ఉంది. ఇన్ని ఉండగా ఆయన మనుమడు రెండవ విలియం, నగరానికి ఎనిమిది కిలోమీటర్ల దూరమైనా లేని కపూతో కొండవాలున, నూరు మీటర్లకు పైగా పొడవున్న మరో కథెడ్రల్‌ను ఎందుకు తలపెట్టాడు?

దీనికి అందరూ చెప్పే కథ నాకు తెలుసు. వేటకు వెళ్ళి అలసిన రాజు కరోబ్ చెట్టు కింద నిద్రపోగా, మేరీమాత కలలో కనిపించి, అతని తండ్రి దాచిన నిధి ఆ చెట్టు మొదట్లోనే ఉందనీ, దానితో తనకొక ఆలయం కట్టించమనీ ఆదేశించిందట. తండ్రికి ‘దుష్ట విలియం’ అనీ, కొడుకుకు ‘మంచి విలియం’ అనీ పేర్లు పడిన వంశంలో, తండ్రి కూడబెట్టిన సొమ్మును కొడుకు ఖర్చుపెట్టాడని చెప్పడానికి ఇంతకంటె మర్యాదైన మార్గం దొరకదు. కానీ అసలు కారణం ఏమిటి? పైగా, అక్కడ ముందు ఊరు వెలిసిందా, గుడి వెలిసిందా?

సమాధానం (పాత పటం)

మీ రెండవ ప్రశ్నకు జవాబు ముందుగా చెప్పి, మొదటి దానికి వస్తాను. ముందు వెలిసింది మఠం, ఊరు దాని చుట్టూ పెరిగింది. మోన్రెయాలే అనే పేరుకు ‘రాజుగారి కొండ’ అని అర్థం. పునాది ఎవరిదో పేరులోనే ఉంది.

ఇక కారణమంటారా, దాన్ని మేరీమాత కలలో కంటె పలెర్మో ఆర్చ్‌బిషప్ వాల్టర్ పలుకుబడిలో వెతకడం మేలు. విలియం 1166లో సింహాసనమెక్కేనాటికి పసివాడు. తల్లి, నవార్ రాజకుమారి మార్గరెట్, 1171 దాకా అతని పేరిట పాలించింది. ఆ సంవత్సరాల్లో వాల్టర్ ఆర్చ్‌బిషప్ పదవిలో కుదురుకుని, రాజ్యంలో రాజు తరువాత రాజంతటి వాడయ్యాడు. విలియం పెద్దవాడయ్యాక చేసిన పనులను తేదీల వరుసలో చూడండి. 1174లో పోప్ మూడవ అలెగ్జాండర్ కొత్త మఠాన్ని బిషప్పుల అధికారం నుంచి తప్పించాడు. 1176లో నేపుల్స్‌కు దక్షిణాన ఉన్న కావా మఠం నుంచి బెనెడిక్టైన్ సన్న్యాసులు వచ్చి చేరారు. 1183లో పోప్ మూడవ లూషియస్ మోన్రెయాలేను ఆర్చ్‌బిషప్ పీఠంగా ప్రకటించాడు. రాజు స్థాపించిన మఠానికి అధిపతి అయినవాడే ఆర్చ్‌బిషప్ కావడంతో, వాల్టర్ గుమ్మం ముందే అతనితో సమానమైన హోదాగల మరొకరు వెలిశారు. దీని వెనుక వాల్టర్‌కు ప్రత్యర్థి అయిన మంత్రి మాథ్యూ సలహా ఉందని తరువాతి తరం చరిత్రకారుడొకరు రాశాడు కూడా. వాల్టర్ ఊరుకోలేదు, 1180లలో తన పాత కథెడ్రల్‌ను పడగొట్టించి, నేడు మనం పలెర్మోలో చూసే కథెడ్రల్‌ను కట్టించడం మొదలుపెట్టాడు.

సమాధానం (నాగటి చాలు)

పాత పటం గారు చెప్పిన తేదీలతో నాకు పేచీ లేదు గానీ, ఇద్దరు పెద్దమనుషుల పంతం ఒక్కటే ఇంత పని చేయించిందంటే ఒప్పుకోలేను. గుడిని చూసి ముగ్ధులైనవారు దాని కింద ఉన్న భూమిని మరిచిపోతుంటారు.

విలియం ఆ మఠానికి జాతో, కొర్లియోనే, కలత్రాసీ ప్రాంతాలను, అంటే పశ్చిమ సిసిలీలో సుమారు 1,200 చదరపు కిలోమీటర్ల భూమిని రాసిచ్చాడు. ఆ నేలను దున్నేవారిలో అత్యధికులు అరబ్బీ మాట్లాడే ముస్లిం రైతులు. 1061లో నార్మన్లు ద్వీపంలో అడుగుపెట్టి, 1072లో పలెర్మోను పట్టుకుని, 1091 నాటికి ద్వీపమంతటినీ లోబరచుకున్న తరువాత కూడా, ఈ కొండ ప్రాంతాలు వంద సంవత్సరాల పాటు పాత పద్ధతిలోనే సాగాయి. అందుకే మఠానికి భూమి అప్పగించినప్పుడు రాజోద్యోగులు తయారుచేసిన పత్రాలు అరబ్బీలో ఉన్నాయి. 1182 నాటి పత్రంలో వాగులూ, దారులూ, గుట్టలూ గుర్తులుగా చెబుతూ పొలిమేరలన్నీ అరబ్బీలోనూ లాటిన్‌లోనూ నమోదయ్యాయి. 1178, 1183 నాటి జాబితాలలో రైతు కుటుంబాల పెద్దల పేర్లు అరబ్బీలోనూ గ్రీకులోనూ ఉన్నాయి. నా మట్టుకు నాకు మోన్రెయాలే మిగిల్చిన వాటిలో మొజాయిక్‌ల కంటె విలువైనవి ఈ తోలు పత్రాలే, ఎందుకంటే ఆనాటి మామూలు మనుషులు తమ పేర్లతో కనిపించేది వీటిలోనే. రాజు స్వయంగా అరబ్బీ చదివి రాయగలడని 1184–85 చలికాలంలో సిసిలీకి వచ్చిన యాత్రికుడు ఇబ్న్ జుబైర్ రాశాడు.

అయితే ఈ ఏర్పాటు రాజు రక్షణ ఉన్నంతవరకే నిలిచింది. 1189లో విలియం సంతానం లేకుండా చనిపోయాడు. ఆ వెంటనే పలెర్మోలో ముస్లింలపై దాడులు జరిగాయి. తప్పించుకున్నవారు కొండల్లోకి పారిపోయారు. మఠం భూముల్లోని రైతులు సన్న్యాసుల అధికారాన్ని ధిక్కరించి, జాతో కొండ మీద ఇబ్న్ అబ్బాద్ నాయకత్వంలో ఏకంగా సొంత రాజ్యమే నడిపారు. చక్రవర్తి రెండవ ఫ్రెడరిక్ 1220లలో ఆ తిరుగుబాటును అణచి, బతికినవారిని ఇటలీ ప్రధాన భూభాగంలోని లుచేరాకు తరలించడం మొదలుపెట్టాడు. 1246లో చివరి ప్రతిఘటన ముగిసేసరికి ఆ జాబితాలలోని పల్లెలు చాలావరకు పాడుపడ్డాయి. కథెడ్రల్‌కు లాంఛనంగా ప్రతిష్ఠ జరిగిన 1267 నాటికి, దాన్ని పోషించడానికి రాసిచ్చిన రైతులు ఆ నేల మీద లేరు.

సమాధానం (సున్నపు గచ్చు)

పైవారిద్దరూ గుడి బయటే నిలబడి మాట్లాడారు. నేను లోపలికి తీసుకువెళతాను. లోపలి గోడలపై ఆరువేల చదరపు మీటర్లకు పైగా పరుచుకున్న మొజాయిక్‌లలో, గర్భాలయపు అర్ధగోళంలోని క్రీస్తు ముఖాన్నే అందరూ చూస్తారు. గులకరాయి గారి ప్రశ్నకు జవాబు మాత్రం దానికి కాస్త ఇవతల, ఎదురెదురుగా ఉన్న రెండు చిన్న చిత్రాలలో ఉంది. రాజు ఆసనానికి పైన, క్రీస్తు తన చేతితోనే విలియం తలపై కిరీటం పెడుతున్నాడు. ఆర్చ్‌బిషప్ ఆసనానికి పైన, విలియం ఈ కథెడ్రల్ నమూనాను మేరీమాతకు సమర్పిస్తున్నాడు. రెండింటిలోనూ దైవానికీ రాజుకూ మధ్య పోప్ గానీ బిషప్ గానీ లేడు. బిషప్ తన ఆసనంలో కూర్చున్నప్పుడల్లా ఎదురుగా కనిపించేది ఆ కిరీటధారణే.

ఇది రాజవంశ సమాధి మందిరం కూడా. తండ్రి మొదటి విలియం కెంపురంగు పోర్ఫిరీ రాతి పేటికలో ఇక్కడే ఉన్నాడు, తల్లి మార్గరెట్ సమాధి కూడా ఇక్కడిదే. కట్టించినవాడికి మాత్రం నేడు కనిపించే పాలరాతి సమాధి 1575లో గానీ దక్కలేదు.

గులకరాయి

ముగ్గురికీ కృతజ్ఞతలు. భూమి సంగతి నేను అసలు ఊహించలేదు. ఒక చిన్న అనుమానం: గర్భాలయపు మొజాయిక్‌లలో ఇంగ్లండ్‌కు చెందిన థామస్ బెకెట్ ఉన్నాడని చదివాను. ఆ కాలంలో, అంత దూరాన, ఆయన ఎలా చేరాడు?

సున్నపు గచ్చు

ఉన్నాడు. క్రీస్తుకు దిగువన వరుసగా నిలబడిన సాధువుల్లో, పక్కన పేరు రాసి మరీ ఉన్నాడు. బెకెట్‌ను కాంటర్‌బరీలో 1170 డిసెంబరులో చంపారు, 1173లోనే పోప్ ఆయనను సాధువుగా ప్రకటించాడు. అందువల్ల ఆయన తొలి చిత్రాలలో ఇదొకటి. విచిత్రమేమిటంటే, 1177లో విలియం పెళ్ళాడిన జోన్, ఆ హత్యకు కారకుడని నింద మోసిన ఇంగ్లండ్ రాజు రెండవ హెన్రీ కూతురు. రాజుల జోక్యాన్ని ఎదిరించి ప్రాణం పోగొట్టుకున్న ఆర్చ్‌బిషప్‌ను, ఆ రాజు అల్లుడే, తన మాట వినే ఆర్చ్‌బిషప్ కోసం కట్టించుకున్న గుడిలో నిలబెట్టాడు.