‘లారొజర్ అరొజే’ తెలుగులో ఎలా చెప్పాలి?

ప్రశ్న: లూయీ లూమియేర్ 1895లో తీసిన ఈ చిట్టి ఫ్రెంచి మూకీకి తెలుగు పేరు కావాలి. మాటకు మాట అర్థం ‘నీళ్లు చల్లేవాడి మీదే నీళ్లు పడ్డాయి’ అని. ఇతరులకు కీడు తలపెట్టి తానే చిక్కుకున్నవాణ్ణి ఫ్రెంచివాళ్లు ఇదే మాటతో అంటారు. ‘తాను తవ్విన గోతిలో తానే’ అంటే సరిపోతుందా?

జవాబు: జాతీయానికి సరిపోతుంది గానీ సినిమాకి సరిపోదండీ. అందులో గొయ్యి తవ్వింది తోటమాలి కాదు. అతను మొక్కలకు నీళ్లు పెడుతుంటాడు. వెనకనుంచి వచ్చిన కుర్రాడు పైపును కాలితో తొక్కుతాడు. ధార ఆగుతుంది. ఏమైందోనని తోటమాలి పైపు మూతిలోకి తొంగిచూడగానే కుర్రాడు కాలు తీస్తాడు. తొక్కినచోటికి వెనక బిగబట్టి ఉన్న నీళ్లు ఒక్కసారిగా ముఖాన కొడతాయి, టోపీ ఎగిరిపోతుంది. తర్వాత తోటమాలి వాణ్ణి పట్టుకుని వీపు విమానం మోత మోగిస్తాడు. అంటే పేరులో ఉన్నది తోటమాలి, జాతీయానికి తగినవాడు కుర్రాడు!

ఇంకో సంగతి. 1895 డిసెంబరు 28న పారిస్ గ్రాండ్ కఫేలో ప్రదర్శించినప్పుడు కార్యక్రమపత్రంలో దీని పేరు ‘తోటమాలి’ అనే అర్థమొచ్చే ‘లె జార్దినియె’.

ప్రశ్న: మరి ‘తడిపినవాడే తడిశాడు’?

జవాబు: దగ్గరికొచ్చారు. ‘తడిపినవాడు’ అంటే ఎవరినో ముందే తడిపాడని, ఇప్పుడు బదులు తీరిందని ధ్వనిస్తుంది. ‘తడిపేవాడే తడిశాడు’ అనండి. ‘అరొజర్’ అంటే తడపడమే పనిగా ఉన్నవాడు, ‘తడిపేవాడు’లో ఆ అర్థం ఉంది. పైగా పంటకు పెట్టే నీళ్లనూ మన రైతులు ‘ఒక తడి, రెండు తడులు’ అనే లెక్కపెడతారు కాబట్టి తోటపని కూడా ఆ మాటలోనే వచ్చేస్తుంది.

మరో జవాబు: ‘తడపబడ్డ తడిపేవాడు’ మాత్రం వద్దు. ఫ్రెంచిలో కర్మణి రూపం చేసే పనిని తెలుగులో తడుపు–తడియు జంటే చేస్తుంది. ముంచు–మునుగు, కాల్చు–కాలు కూడా అంతే. ‘బడు’ చేర్చితే నవ్వు చచ్చిపోతుంది.

పేరు కింద ఒక వాక్యం రాస్తే, కుర్రాణ్ణి పట్టుకున్నాక తోటమాలి ఏం చేస్తాడో చూడమని చెప్పండి. వాణ్ణి అక్కడే కొట్టడు, కెమెరా ముందుకు లాక్కొచ్చి కొడతాడు. కెమెరా కదలదు, సినిమా అంతా ఒకటే షాటు, నిమిషం కూడా ఉండదు. దెబ్బలు ప్రేక్షకుడికి కనబడాలంటే నటుడే నడిచి రావాలి.