ఒడియా చార్జిషీటుకి తెలుగు నకలు అడగాలా, వద్దా?

పర్లాకిమిడి నుంచి:
పొలం గట్టు తగాదాలో మా బావమరిది మీద హత్యాయత్నం కేసు పెట్టారు. మనిషి ఇంకా జైల్లోనే ఉన్నాడు. ఎస్‌డీజేఎం (సబ్ డివిజనల్ జుడీషియల్ మేజిస్ట్రేటు) కోర్టులో చార్జిషీటు కాపీ చేతికిచ్చారు. అంతా ఒడియా, అతనికి ఒక్క అక్షరం రాదు. మా లాయరు "అనువాదం అడిగితే ఆలస్యం, ముందు కేసు సెషన్స్‌కి కమిట్ కానీ, అంటే మేజిస్ట్రేటు దాన్ని పై కోర్టుకి పంపనీ" అంటున్నారు. నాకు మనసొప్పడం లేదు.

బరంపురం వకీలు:
మీ లాయరు చెప్పింది సబబే. చార్జిషీటు భాష ముద్దాయికి రాకపోయినా అతని లాయరుకి వస్తే అనువాదం ఇవ్వనక్కర్లేదని 2023లో సుప్రీంకోర్టు చెప్పింది. పిటిషన్ వేస్తే దానికి కౌంటరు, వాదనలు, ఆర్డరు, ఒక్కోదానికి ఒక్కో వాయిదా. పైగా కమిటల్ దగ్గర పోరాడేదేం లేదు. 1898 నాటి క్రిమినల్ ప్రొసీజర్ కోడ్‌లో అక్కడే సాక్షుల్ని విచారించేవారు. 1973 కోడ్ అది తీసేసింది. ఇప్పుడు మేజిస్ట్రేటు చూసేది సెషన్స్ విచారించాల్సిన కేసా కాదా అన్నదే.

సిరొంచ నుంచి:
వకీలు గారూ, ఇక్కడ మాకు మరాఠీతో ఇదే గోస. లాయరుకి భాష వస్తుంది, నిజమే. కానీ గట్టు మీద ఎవరు ఎక్కడ నిలబడ్డారో లాయరుకేం తెలుసు? సాక్షి వాంగ్మూలంలో అబద్ధం ముద్దాయికే దొరుకుతుంది. అది తెలియకుండా డిశ్చార్జి పిటిషన్‌లో (విచారణకి ముందే కేసు నుంచి తప్పించమని అడిగేది) ఏం రాస్తారు? 1973 కోడ్ స్థానంలో వచ్చిన కొత్త చట్టం (బీఎన్‌ఎస్‌ఎస్) కమిటల్‌కి కాగ్నిజెన్స్ (మేజిస్ట్రేటు కేసుని స్వీకరించడం) నుంచి 90 రోజులిచ్చింది, కారణం రాస్తే 180 దాకా పోవచ్చు. ఆ లోపల అనువాదం కాదా? బెయిలు పిటిషన్ దాని దారిన అది నడుస్తుంది.

బరంపురం వకీలు:
అబద్ధం అతనికే దొరుకుతుందన్న మాట ఒప్పుకుంటాను. అందుకు కోర్టు అనువాదమే అక్కర్లేదు కదా. వాంగ్మూలాలు మాత్రం ఎవరిచేతనైనా తెలుగులో రాయించి, ములాఖత్‌లో చదివి వినిపించండి. పట్టుబట్టాల్సింది సెషన్స్‌లో చార్జీ ఫ్రేమ్ చేసే (అభియోగం ఖరారు చేసే) రోజున. జడ్జి అభియోగం చదివి, అర్థమయ్యేలా చెప్పి, నేరం ఒప్పుకుంటావా, విచారణ కోరతావా అని అడగాలి. అర్థంకాక తలూపితే ఆ ఒప్పుకోలు మీదే శిక్ష వేసే అధికారం ఉంది. ఆ రోజు దుబాసీ కావాలని ముందే అర్జీ పెట్టండి. సాక్ష్యాలు కూడా అతనికి తెలిసిన భాషలో చెప్పించడం కోర్టు బాధ్యత.

పర్లాకిమిడి నుంచి:
వాంగ్మూలాలు రాయించే పని రేపే మొదలెడతాం. అయినా కోర్టు నకలు కోసం అర్జీ కూడా వేయిస్తాను, కాదంటే కాదననీ. డిశ్చార్జికి గడువు ఎప్పటినుంచి లెక్క?

సిరొంచ నుంచి:
కమిట్ అయిన తేదీ నుంచి 60 రోజులు అన్నా. సెషన్స్‌లో మొదటి వాయిదా నుంచి అనుకోకండి. చార్జీ ఫ్రేమింగ్‌కీ 60 రోజులే, అది మాత్రం చార్జీ మీద మొదటి హియరింగ్ నుంచి లెక్క.