ఐలమ్మ పోరాటంలో మనకు మిగిలింది భూమా, బొమ్మా?

ఉప్పల్ బస్సు: సెప్టెంబర్ 26న మా వీధి చివర ఆఫీసులో చాకలి ఐలమ్మ ఫొటోకి దండ వేశారు. 2024లో కోఠి మహిళా వర్సిటీకీ ఆమె పేరే పెట్టారు. సంతోషమే. కానీ తెలంగాణ సాయుధ పోరాటంలో పంచామని కమ్యూనిస్టు పార్టీ వాళ్లు చెప్పే 10 లక్షల ఎకరాలు ఇప్పుడెవరి చేతిలో ఉన్నాయి? నన్నడిగితే భూమి విషయంలో ఆ పోరాటం ఓడిపోయింది.

కందిచేను: ఒక్క మాటలో తేల్చేస్తే ఎట్లా అన్నా? 1948 పోలీసు చర్య తర్వాత దొరలు తిరిగొచ్చి చాలా ఊళ్లలో భూములు గుంజుకున్నారు, ఒప్పుకుంటా. వెట్టిని మాత్రం మునుపటిలా మళ్లీ తేలేకపోయారు. మా నాయనమ్మ చిన్నప్పుడు దొర ఉండే గడి ముందు చెప్పులు చేత పట్టుకుని నడిచేదట. అదే దారిలో మా నాన్న సైకిల్ బెల్లు కొట్టుకుంటూ పోయేవాడు. దీన్ని ఏ పహాణీలో (ఊరి భూముల రికార్డులో) ఎక్కిస్తారు?

ట్రంకు పెట్టె: భూమి లెక్కలోనూ సున్నా కాదు. 1950 కౌలుదారీ చట్టం ఊరికే రాలేదు, ఊళ్లు మండుతుంటే వచ్చింది. ఆ చట్టంలోని 38-ఇ సెక్షన్ కింద రక్షిత కౌలుదార్లకు యాజమాన్య పత్రాలిచ్చారు, అదీ డెబ్బైల్లో, అదీ కొందరికే. మా తాత కాగితం ఇప్పటికీ పెళ్లి పత్రికల మధ్య భద్రంగా ఉంది. మడత దగ్గర చినిగి సర్వే నంబరులో ఒక అంకె పోయింది. ఆ ఒక్క అంకె కోసం మూడేళ్లు తిరిగాం.

ఉప్పల్ బస్సు: చట్టాన్ని మెచ్చుకుంటున్నారా, తిడుతున్నారా?

ట్రంకు పెట్టె: రెండూ!

మూడెకరాల కౌలు: అందరూ ఒకటి మర్చిపోతున్నారు. పంట గొడవ జరిగిన ఆ పొలానికి ఐలమ్మ పట్టాదారు కాదు. మల్లంపల్లి మక్తాదారు (భూస్వామి) దగ్గర కౌలుకు చేసింది. విసునూరు దేశ్‌ముఖ్ రామచంద్రారెడ్డి మనుషులు పంట మీదికొస్తే, ఆంధ్ర మహాసభ సంఘం వాళ్ల అండతో ధాన్యం ఇంటికి చేర్చుకుంది. గొడవంతా దున్నేవాళ్ల గురించే కదా! 2018లో రైతుబంధు పెట్టుబడి సాయం వస్తే పైసలు పట్టాదారు ఖాతాలో పడ్డాయి. నేను గట్టు చెక్కుతుంటే మా పట్టాదారు హైదరాబాద్ నుంచి ఫోన్ చేసి, ఈసారి కౌలు ఎంత పెంచుదామని అడిగాడు. ఐలమ్మ ఉన్నా ఆ పొలం మీద ఆమెకు రూపాయి రాకపోయేది.

కందిచేను: అది పోరాటం తప్పా, ప్రభుత్వం తప్పా?

మూడెకరాల కౌలు: తప్పు సంగతి మీరు తేల్చుకోండి. పాత పహాణీలో అనుభవదారు, అంటే సాగులో ఉన్నవాళ్ల పేరు రాసే కాలమ్ ఉండేది, ధరణి భూరికార్డుల పోర్టల్ వచ్చాక తీసేశారు. దండ వేసిన ఆఫీసువాళ్లను నా పేరు రాయడానికి ఒక గడి పెట్టమంటున్నా. దొర గడి కాదు సామీ, ఫారంలో గడి.